మూడింట రెండు... ఎందులో?

పదకొండు మంది సభ్యులున్న పంచాయతీలో ఉప సర్పంచ్‌ని దించాలంటే ఎన్ని ఓట్లు కావాలి? మూడింట రెండు వంతులు కట్టి చూస్తే 7.33. మూడోవంతు మనిషి ఎక్కడా దొరకడు కాబట్టి ఆంధ్రప్రదేశ్ 1994 పంచాయతీరాజ్ చట్టం 245వ సెక్షన్‌లోనే దారి చూపారు. భిన్నం 0.5కి తక్కువైతే వదిలేయాలి, 0.5 గానీ అంతకు మించి గానీ ఉంటే ఒకటిగా లెక్కేయాలి. అంటే ఏడు ఓట్లతో పదవి పోతుంది.

పంచాయతీ బలాన్ని సర్పంచ్‌తో కలిపి 5, 7, 9, 11 ఇలా లెక్కిస్తారు. ఐదుగురే ఉన్న చిన్న ఊళ్లో లెక్క 3.33కి వస్తుంది, మూడు ఓట్లు చాలు. అది అరవై శాతమే. పక్క ఊళ్లో ఏడుగురుంటే 4.67 కాస్తా ఐదవుతుంది, డెబ్బై ఒక్క శాతం దాటుతుంది. ఒకే చట్టం కింద ఒక ఊరి ఉప సర్పంచ్‌కి రక్షణ తక్కువ, ఇంకో ఊరి ఉప సర్పంచ్‌కి ఎక్కువ. ఇది న్యాయం కాదు. మూడింట రెండు వంతులని రాశాక, భిన్నం ఎంతున్నా పై అంకెకే తీసుకెళ్లాలి.

అసలు పేచీ మాత్రం భిన్నం దగ్గర కాదు, మొత్తం ఎంతన్న దగ్గర. ఇక్కడ మన చట్టం గట్టిగానే నిలబడింది. ఖాళీలున్నా మొత్తం తగ్గదు, సస్పెండైన సభ్యుడూ లెక్కలో ఉంటాడు, ఓటూ వేస్తాడు. పదకొండు మందిలో ఇద్దరు చనిపోయినా మిగిలిన తొమ్మిది మందిలోంచే ఆ ఏడు ఓట్లూ రావాలి. సమావేశానికి రానివాడు పదవిలో ఉన్నవాడికి ఓటేసినట్టే. అవిశ్వాసం అనగానే మండలాల్లో క్యాంపులు లేచేది ఇందుకే.

1959 అక్టోబరు 2న రాజస్థాన్‌లోని నాగౌర్‌లో, కొద్ది రోజులకే మన షాద్‌నగర్‌లో నెహ్రూ పంచాయతీరాజ్‌ను ప్రారంభించారు. 1993లో అమల్లోకొచ్చిన 73వ రాజ్యాంగ సవరణ పంచాయతీలకు అయిదేళ్ల గడువిచ్చింది గానీ అవిశ్వాసం ఊసెత్తలేదు. రాష్ట్రాలు తలో లెక్క పెట్టుకున్నాయి. మధ్యప్రదేశ్‌లో సర్పంచ్‌ని దించాలంటే రెండు గీతలు దాటాలి: హాజరై ఓటేసినవారిలో నాలుగింట మూడు వంతులు, మొత్తం పంచ్‌లలో మూడింట రెండు వంతులకు పైగా. ఇరవై మందిలో పదహారు మంది వస్తే మొదటి గీతకు పన్నెండు చాలు, రెండో గీత పద్నాలుగు అడుగుతుంది. ఉత్తరప్రదేశ్‌లో ప్రధాన్‌ని (సర్పంచ్‌ని) తొలగించే అధికారాన్ని గ్రామసభకే ఇచ్చారు. అక్కడ హాజరై ఓటేసినవారిలో మూడింట రెండు వంతులు చాలు. ఆరు వందల మంది ఓటేస్తే నాలుగు వందల ఓట్లు.

అదే రాష్ట్రం క్షేత్ర పంచాయతీ, జిల్లా పంచాయతీ అధ్యక్షుల విషయంలో 2007లో ఆ గీతను సగానికి పైగా అన్న చోటికి దించింది. పదవి చేపట్టాక అవిశ్వాసం నుంచి ఉన్న రెండేళ్ల రక్షణను ఏడాదికి కుదించింది. రాజ్యాంగంలో లేని అవిశ్వాసం చెల్లదన్న వాదనను, ఈ మార్పులను సవాలు చేసిన భానుమతి కేసులో 2010లో సుప్రీంకోర్టు తోసిపుచ్చింది.

ఆంధ్రప్రదేశ్‌లో పదవి చేపట్టి నాలుగేళ్లు నిండాకే అవిశ్వాసం నోటీసు ఇవ్వాలి. అదీ ఉప సర్పంచ్, ఎంపీపీ, జెడ్పీ చైర్మన్ వంటివారి మీదే. జనం నేరుగా ఎన్నుకున్న సర్పంచ్ ఆ జాబితాలో లేడు. అతణ్ని దించే అధికారం కలెక్టర్‌కు ఉంది, ఓటేసి గెలిపించిన గ్రామసభకు లేదు.