గైర్హాజరు వలన సివిల్ అప్పీలు కొట్టివేత

సివిల్ అప్పీలు విచారణకు పిలిచినపుడు అప్పీలుదారు గాని అతని న్యాయవాది గాని హాజరు కాకపోతే, ఆ కారణంగానే న్యాయస్థానం అప్పీలును త్రోసిపుచ్చడాన్ని గైర్హాజరు వలన కొట్టివేత అంటారు. కోర్టు వాడుకలో దీనికి డిఫాల్టు డిస్మిసల్ అని పేరు. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు 17వ రూలు ఇందుకు ఆధారం.

నిబంధన

కొట్టివేయడం న్యాయస్థానానికి ఉన్న అధికారమే గాని విధి కాదు. తగిన సందర్భంలో వాయిదా వేయవచ్చును. అప్పీలుదారు హాజరై ప్రత్యర్థి రాకపోతే అప్పీలును ఏకపక్షంగా వింటారు.

అప్పీలుదారు లేనపుడు కాగితాలు చూసి తీర్పులోని గుణదోషాలపై నిర్ణయం చేయవచ్చునా అన్న విషయమై పూర్వం హైకోర్టుల మధ్య భిన్నాభిప్రాయాలుండేవి. 1976 సవరణ చట్టం 17వ రూలుకు ఒక వివరణ చేర్చి, అట్లా చేయరాదని తేల్చింది. అబ్దుర్ రహమాన్ - అతీఫా బేగం కేసులో (1996) సుప్రీంకోర్టు ఈ వివరణనే అనుసరించింది. ఇది మాటల తేడా వంటిది కాదు. గైర్హాజరు వలన కొట్టివేస్తే అప్పీలును తిరిగి తెరిపించుకొనే దారి మిగులుతుంది. గుణదోషాలపై కొట్టివేస్తే, వాదన వినిపించకుండానే ఆ దారి మూసుకుపోతుంది.

హైదరాబాదులో

మాసబ్ ట్యాంక్‌లోని ఒక ఇంటిస్థలంపై తగాదా వచ్చినదనుకొంటే, దావా హైదరాబాదు నగర సివిల్ కోర్టు పరిధిలోనిది. దావా విలువను బట్టి మొదటి అప్పీలు ఆ కోర్టులోని పై న్యాయమూర్తి వద్దకు గాని హైకోర్టుకు గాని పోతుంది. రెండవ అప్పీలు హైకోర్టుకే. 2019 జనవరి 1న తెలంగాణకు, ఆంధ్రప్రదేశ్‌కు వేర్వేరు హైకోర్టులు ఏర్పడినా, రెండు చోట్లా 17వ రూలే వర్తిస్తుంది. అప్పీలు కొట్టివేయగానే అందులో పొందిన స్టే కూడా పోతుంది. గెలిచిన పక్షం డిక్రీ అమలుకు పూనుకోవచ్చును. ఓడిన పక్షానికి ఒక్కొక్కపుడు ఈ సంగతి అమలు నోటీసు వచ్చిన తరువాతే తెలుస్తుంది.

పునరుద్ధరణ

19వ రూలు క్రింద, హాజరు కాలేకపోవడానికి తగిన కారణం చూపి అదే న్యాయస్థానంలో దరఖాస్తు చేసుకోవాలి. 1963 లిమిటేషన్ చట్టం 122వ అధికరణం ప్రకారం గడువు కొట్టివేసిన తేదీ నుండి 30 రోజులు. గడువు దాటితే 5వ సెక్షను క్రింద ఆలస్యానికి కూడా కారణం చూపవలసి ఉంటుంది. ఖర్చులు చెల్లించాలన్న షరతుపై అప్పీలును తిరిగి స్వీకరించవచ్చును. గైర్హాజరు వలన కొట్టివేసిన ఉత్తర్వు డిక్రీ క్రిందికి రాదు కనుక దానిపై రెండవ అప్పీలు లేదు. పునరుద్ధరణకు నిరాకరిస్తే ఆ నిరాకరణపై 43వ ఆర్డరు అప్పీలుకు అవకాశమిస్తున్నది.

న్యాయవాది తప్పిదం

రఫీక్ - మున్షీలాల్ కేసులో (1981) న్యాయవాది రాని కారణంగా కక్షిదారు నష్టపోరాదని సుప్రీంకోర్టు భావించి, ఖర్చుల క్రింద 200 రూపాయలు ఆ న్యాయవాది నుండే రాబట్టాలని ఆదేశించింది. దీనిని అన్నిటికీ వర్తించే సూత్రంగా తీసుకోవడం పొరపాటు. సలీల్ దత్తా కేసులో (1993) అదే న్యాయస్థానం, న్యాయవాదిపై నెపం వేసినంత మాత్రాన ఉపశమనం లభించదని స్పష్టం చేసింది.

అప్పీలు కొట్టివేసినా, ప్రత్యర్థి దాఖలు చేసిన క్రాస్ అబ్జెక్షన్లను 22వ రూలు ప్రకారం విచారించవచ్చును.