కథయా, ఆఖ్యాయికయా?

అమరసింహుడు జరిగినదిగా తెలిసిన యర్థము గలదానిని ఆఖ్యాయిక యనియు, కల్పితప్రబంధమును కథ యనియు వేఱుపఱచెను. దండి యీ భేదమును అంగీకరింపక, ఒకే జాతికి ఇవి రెండు పేళ్లనెను. ఈ పాతవివాదము 1983 లో తెలుగున వెలువడిన యొక చలనచిత్రమునకు చక్కగా అన్వయించుచున్నది. దాని పేరు 'ఇది కథ మాత్రమేనా'.

పేరునందలి వ్యాకరణము గమనింపదగినది. మాత్రశబ్దము ఇతరమును వారించును. ఏకారము ఆ నియమమును దృఢపఱచును. తుదినున్న ప్రశ్నార్థకము రెంటిని సంశయమున పడవేయును. 'ఇది కథయే, మఱేమియు కాదు' అను పూర్వపక్షమును ముందే ఊహించి ఇచ్చిన ప్రత్యుత్తర మీ శీర్షిక.

హైదరాబాదున జన్మించిన శ్రీమతి దీపా ధన్‌రాజ్, ఆభా భయ్యా, మీరా రావు, నవ్‌రోజ్ కంట్రాక్టరుగార్లు 1980 లో 'యుగాంతర్' అను చిత్రనిర్మాణబృందము నేర్పఱచిరి. ఆ బృందము హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనతో కూడి చర్చించి యీ చిత్రమును కూర్చెను. విషయము ఇంటిలోపల స్త్రీ పడు హింస. ఆ సంవత్సరముననే భారతశిక్షాస్మృతియందు 498-ఎ సెక్షను చేరి, భర్తయు నాతని బంధువులును చేయు క్రూరత్వము నేరమయ్యెను. దేహమునకేకాక మనస్సునకు కలుగు తీవ్రహానియు నందు చేరెను. 2024 నుండి ఆ విధులు భారతీయ న్యాయసంహిత 85, 86 సెక్షనులలో నున్నవి.

అభినయించి చూపినది చరిత్ర యెట్లగునని పండితులు ఆక్షేపింపవచ్చును. ఆక్షేపము త్రోసివేయదగినది కాదు. ఒకానొక యింట ఒకానొకనాడు జరిగినదానికి ఈ చిత్రము సాక్ష్యము కాదు. కాని ఆనాటి స్త్రీలు దేనిని తమ యందఱి యనుభవముగా గుర్తించిరో దానికిది సాక్ష్యమే. అట్టి సాక్ష్యము శాసనములందు దొరకదు. ఆ సంఘటనయే 1986 లో ప్రకటించిన 'మనకు తెలియని మన చరిత్ర' తెలంగాణ సాయుధపోరాటమున పాల్గొన్న స్త్రీల నోటిమాటల నాధారముగా గొన్నది. అది నిస్సంశయముగా ఆఖ్యాయిక.

ఇంటిబాధ స్త్రీచరిత్రలో నొకపాలు, కూలిపని వేఱొకపాలు. అందును యుగాంతర్ శ్రమించెను. కర్ణాటకమందలి నిపాణిలో పొగాకు కార్ఖానాల స్త్రీలతో నాలుగు మాసములు మెలగి, వారి మాటలు విని, 1982 లో మరాఠీలో 'తంబాకు చాకిలా ఊబ్ ఆలీ' అను చిత్రమును తీసెను. ఇది ఉత్తరతెలంగాణమువారు ప్రత్యేకముగా చూడదగినది. నిపాణి పొగాకు బీడీపొగాకు. 2016 లో విభక్తములైన పూర్వపు కరీంనగరు, ఆదిలాబాదు జిల్లాలలో కోరుట్ల, మెట్‌పల్లి, జగిత్యాల, సిరిసిల్ల, నిర్మల ప్రాంతములందు బీడీలు చుట్టువారిలో స్త్రీలే మిక్కుటము. ఎండకాలమున అడవిలో కోసిన తునికాకు తడిసి, కత్తిరింపబడి, చేటలోనికి వచ్చును. అందులో తంబాకు పోసి చుట్టి దారము కట్టుదురు. కూలి వేయి బీడీల లెక్కన. బాగులేవని కార్ఖానాలో ఏరివేసినవానికి కూలి లేదు. వేయి యను లెక్క కార్ఖానా పుస్తకమున చేరును. ఏరివేతకు పోయిన బీడీలను చుట్టిన ప్రొద్దు మాత్రము చుట్టిన యామె నోటనే యున్నది.