కటారుపల్లి ప్రశ్న

1928వ సంవత్సరం. అనంతపురం. ఈ నేలకు ఇంకా రాయలసీమ అన్న పేరు నిలబడలేదు. 1800లో నిజాం నవాబు ఇంగ్లీషు కంపెనీకి రాసిచ్చేసిన జిల్లాలు కాబట్టి అందరూ దత్త మండలాలనే పిలిచేవారు. ఆ ఏడాది నవంబరులో నంద్యాల సభలో చిలుకూరి నారాయణరావు ‘రాయలసీమ’ అన్న పేరు ప్రతిపాదించారు. అదే ఏడాది అనంతపురంలో జరిగిన మరో సంగతి ఈ గాథకు మూలం. ఇందులోని పేర్లు, సంవత్సరాలు చరిత్రలోవి. సభలో జనం మనసులో మెదిలిన మాటలు మాత్రం ఊహకు అందినవి.

ఆంధ్ర విశ్వకళాపరిషత్తు అప్పటికి రెండేళ్ల పసిబిడ్డ. దాని ఉపాధ్యక్షులు కట్టమంచి రామలింగారెడ్డి. ఆ విద్యాపీఠం తరఫున అనంతపురంలో వరుస ఉపన్యాసాలు ఏర్పాటయ్యాయి. ఉపన్యాసకుడు రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ. వయసు ముప్పై అయిదు. ఈ జిల్లాలోని రాళ్లపల్లిలోనే పుట్టి, మైసూరు పరకాల మఠం స్వామి దగ్గర సంస్కృతం చదువుకున్నారు. ఇప్పుడు మైసూరు మహారాజా కళాశాలలో తెలుగు చెబుతున్నారు. సంగీతంలోనూ ఆయనది లోతైన విద్వత్తు.

ఇంతటి పండితుడు ఎంచుకున్న విషయం వేమన.

వినడానికి వచ్చినవాళ్లలో కొందరు ఉలిక్కిపడే ఉంటారు. నన్నయ గురించో, పెద్దన గురించో చెబుతారనుకుంటే, పశువులు కాసే పిల్లలు పాడుకునే ఆటవెలదుల గురించా? వెనక వరసలో రుమాలు చుట్టుకున్న రైతు మాత్రం పక్కవాడి మోచేయి తట్టి, “మన వేమన్న గురించేనంటప్పా!” అని సంబరపడి ఉంటాడు. పండితులకు వేమన అక్కర్లేకపోయినా, ఆ రైతుకు ఆయన పద్యాలు నోటికి వచ్చు.

ఆ పద్యాలు ఎక్కడివో తెలియాలంటే కదిరి వైపు వెళ్లాలి. రాళ్లు తేలిన ఎర్రనేల, బోడిగుట్టలు, నీళ్లకన్నా ఎక్కువగా ఎండను నిలవ చేసుకునే చెరువులు. ఏడాది మొత్తానికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన. అదీ అదను చూసి పడదు. ఇక్కడి కటారుపల్లిలో వేమన సమాధి ఉంది. ఆయన కాలం పదిహేనో శతాబ్దమా, పదిహేడో శతాబ్దమా అని పండితులు వాదించుకుంటూనే ఉన్నారు. పద్యాల్లోని మనిషి మాత్రం కళ్లముందే కనిపిస్తాడు. కరవు సీమలో ఊరూరా తిరిగాడు. గింజ విలువ, నీటిబొట్టు విలువ ఎరిగినవాడు. బతికున్న తల్లిదండ్రులకు కడుపునిండా పెట్టనివాడు వాళ్లు పోయాక పెట్టే పిండానికి అర్థమేమిటని అడిగాడు. పుట్టుకతో ఒకడు ఎక్కువ, ఒకడు తక్కువ ఎలా అవుతాడని అడిగాడు. మనసు కడుక్కోకుండా తీర్థాల్లో మునిగితే ఏం ఒరుగుతుందని అడిగాడు. దైవం లేదని మాత్రం అనలేదు. నీలోనే ఉన్న వెలుగును గుడి గోడల మధ్య వెతకడమెందుకన్నాడు. శాస్త్రం చెప్పిందనో, పెద్దలు చెప్పారనో ఏ మాటనూ నమ్మలేదు. తన కంటితో చూసి, తన బుద్ధితో తూచి, నాలుగు పాదాల్లో తేల్చి చెప్పాడు.

జనం ఆ పద్యాలను గుండెకు హత్తుకున్నారు. పండితులు పక్కన పెట్టారు. మోటు మాటలన్నారు, అలంకారం లేదన్నారు. అసలు బాధ అలంకారం గురించి కాదు. ఆ ప్రశ్నలు తగిలిన చోటు వేరు.

1824లో మచిలీపట్నంలో కంపెనీ ఉద్యోగి ఒకడు ఫ్రెంచి మత గురువు దుబ్వా రాసిన పుస్తకం చదువుతూ వేమన పేరు దగ్గర ఆగాడు. అతని పేరు చార్లెస్ ఫిలిప్ బ్రౌన్. వయసు ఇరవై అయిదో, ఇరవై ఆరో. అంతకుముందు కడపలో పనిచేశాడు. పండితులు చులకన చేసిన ఆ కవి కోసం తాళపత్రాలు, చేతిరాతలు పోగుచేయించాడు. పాఠాలు పోల్చి చూసుకున్నాడు. 1829లో మద్రాసులో 693 పద్యాలను ఇంగ్లీషు అనువాదంతో అచ్చు వేయించాడు. పదేళ్ల తర్వాత రెండో కూర్పులో అవి 1164 అయ్యాయి. మన పద్యం అచ్చుకెక్కడానికి పరాయి దేశపు కుర్రవాడు పూనుకోవలసి వచ్చింది. ఇది మనం మరిచిపోకూడని సత్యం.

సరిగ్గా ఆ రోజుల్లోనే ఐరోపాలోనూ ఇలాంటి ప్రశ్న మీదే ఒక వాదం నడుస్తోంది. దేవుణ్ణి ఎదిరించి స్వర్గం నుంచి కిందపడ్డ దేవదూత లూసిఫర్. వేకువచుక్క పేరు పెట్టుకున్నవాడు. చర్చికి అతడు పాపానికి మారుపేరు. 1821లో బైరన్ రాసిన ‘కెయిన్’ నాటకంలో మాత్రం అతడు మనిషిని తన బుద్ధితో ఆలోచించుకోమంటాడు. ఆ తర్వాత ఇటలీ కవి కార్దూచి ఆ తిరుగుబాటుదారుణ్ణే హేతువుకు, ప్రగతికి గుర్తుగా నిలిపి గీతం రాశాడు. 1906లో నోబెల్ బహుమతి అందుకున్న కవి ఆయన. వీళ్లు చెప్పింది దయ్యాల పూజ కాదు. జ్ఞానాన్ని నేరమనే పెత్తనానికి తల వంచవద్దని చెప్పారు. ఆ మాట పలకడానికి అక్కడి కవులకు నరకం నుంచి ఒక పాత్రను తెచ్చుకోవలసి వచ్చింది. కదిరి సీమలో ఒక రైతుబిడ్డ అదే మాటను వాళ్లకంటే ముందే, రచ్చబండ మీది భాషలో చెప్పి వెళ్లాడు.

మళ్లీ 1928 సభకు వద్దాం. శర్మగారి ముందున్న పని చిన్నది కాదు. వేమన చుట్టూ అప్పటికే కట్టుకథలు దట్టంగా అల్లుకున్నాయి. కొండవీటి రాజు తమ్ముడట, వేశ్య మోజులో పడ్డాడట, బంగారం చేసే విద్య నేర్చాడట. శర్మగారు ఆ కథలకు తల ఊపలేదు. పద్యాలనే సాక్షులుగా నిలబెట్టి, వాటిలోంచి మనిషిని వెతికారు. వేమన ప్రశ్న ఎక్కడ పదునెక్కిందో, హాస్యం ఎక్కడ పండిందో, నీతి ఎక్కడ లోతుకు దిగిందో విడమరచి చెప్పారు. ఆయనను దేవుణ్ణి చేయలేదు, మహిమలు అంటగట్టలేదు. వేమన అందరినీ ఎలా పరీక్షించాడో, వేమనను కూడా అలాగే పరీక్షించారు. ఆ కవికి అంతకన్నా తగిన గౌరవం లేదు.

మఠంలో చదివి, జీవితమంతా వైష్ణవ సంప్రదాయంలో నడిచిన పండితుడు ఈ పని చేశాడన్నదే ఈ గాథకు ప్రాణం. తర్వాతి కాలంలో తిరుపతిలో అన్నమయ్య కీర్తనలను పరిష్కరించి, స్వరపరిచింది కూడా ఈ శర్మగారే. భక్తి ఉన్నవాడు ప్రశ్నకు భయపడనక్కర్లేదని ఆయన బతుకే చెబుతుంది. ఆ ఉపన్యాసాలు పుస్తకంగా వచ్చాయి. వేమన మీద రాసే ఎవరైనా ఇవాళ్టికీ వాటిని దాటుకుని పోలేరు. తర్వాత శ్రీశ్రీ తన కవిత్రయంగా తిక్కన, వేమన, గురజాడలను చెప్పుకున్నాడు. మోటు కవి అన్నవాళ్ల పేర్లు ఇప్పుడు ఎవరికీ గుర్తు లేవు.

కటారుపల్లి ఇప్పుడు శ్రీ సత్యసాయి జిల్లాలో ఉంది. సమాధి దగ్గర పూజలు జరుగుతాయి, జనం వచ్చి దణ్ణం పెట్టుకుంటారు. అది వాళ్ల ప్రేమ, దాన్ని తప్పుపట్టను. కాని ఒక్క మాట చెప్పక తప్పదు. విగ్రహం ముందు చేతులు జోడిస్తే వేమనకు చెల్లించాల్సింది సగమే చెల్లుతుంది. ఈ సీమలో ఇవాళ్టికీ పంట ఎండితే శాంతులు చేయించమనేవాళ్లున్నారు, అప్పు చేసైనా మొక్కు తీర్చమనేవాళ్లున్నారు, కులం పేరు చెప్పి మనిషిని గుమ్మం బయటే నిలబెట్టేవాళ్లున్నారు. వాళ్లను ‘ఎందుకు?’ అని అడిగిన రోజున మిగతా సగం చెల్లుతుంది.

మీ ఇంట్లో బడికి వెళ్లే పిల్లలుంటే వేమన పద్యాలు మార్కుల కోసం వల్లె వేయించి వదిలేయకండి. ఒక్క పద్యం చదివించి, ఇందులో ఆయన ఎవర్ని ప్రశ్నిస్తున్నాడో చెప్పమనండి. వాళ్లు తిరిగి మిమ్మల్నే ప్రశ్నిస్తే కోప్పడకండి, కూర్చుని జవాబు చెప్పండి.