గీత మారింది, ఊరు కదల్లేదు

ఆలూరు సీమలో దేశాభిమానం పక్కనే అలక కనిపిస్తే అది ద్రోహం కాదు, చరిత్ర మిగిల్చిన బాకీ. 1800లో నిజాం ఈ నేలను ఈస్టిండియా కంపెనీకి ధారాదత్తం చేసినప్పుడు జనాన్ని ఎవరూ అడగలేదు. బళ్లారి జిల్లాలో ఉన్న ఆలూరు తాలూకా, 1953 అక్టోబరు 1న ఆదోని, రాయదుర్గాలతో పాటు ఆంధ్ర రాష్ట్రంలో కలిసింది; బళ్లారి మైసూరుకు పోయింది. భాషను బట్టే గీత గీశారు కదా, ఇంకా బాధెందుకని కొందరంటారు. నిజమే, తెలుగువారికి ఆ రాష్ట్రం అవసరమే. కానీ సరిహద్దు పల్లెల్లో తెలుగు, కన్నడం ఒకే ఇంట్లో వినిపిస్తాయి. గీత వాటిని విడదీయలేదు. ఆ కొత్త రాష్ట్రంలో కర్నూలుకు దక్కిన రాజధాని కూడా 1956లో హైదరాబాదుకు తరలింది. అలిగినవాడు పరాయివాడు కాడు. తనదనుకున్న దేశాన్నే మనిషి నిలదీస్తాడు.