వాన కోరే ముందు హక్కులు చెల్లిద్దాం

సకల లోకాలను సృష్టించి పోషించే అల్లాహ్‌కే సమస్త స్తోత్రాలు. ఆయన అంతిమ ప్రవక్త ముహమ్మద్ (సల్లల్లాహు అలైహి వ సల్లం) పైనా, వారి కుటుంబీకుల పైనా, సహచరుల పైనా శాంతి శుభాలు వర్షించుగాక!



మదీనాలో ఒక శుక్రవారం దైవప్రవక్త (స) మింబరుపై నిలిచి ఖుత్బా ఇస్తున్నారు. ఒక పల్లెవాసి మసీదులోకి వచ్చి, పశువులు నశిస్తున్నాయని, ప్రయాణాలు ఆగిపోయాయని, వాన కోసం ప్రార్థించమని వేడుకున్నాడు. ప్రవక్త (స) అక్కడే చేతులెత్తి దుఆ చేశారు. మబ్బు తునక లేని ఆకాశం కమ్ముకొచ్చి, మరుసటి శుక్రవారం దాకా వర్షం కురిసింది. ఆనాడు మళ్ళీ ఒక వ్యక్తి వచ్చి, వాన ఎక్కువై నష్టం జరుగుతోందని మొరపెట్టుకోగా, అది తమ ఊరి మీద కాక చుట్టూ ఉన్న గుట్టల మీద, లోయల్లో, చెట్లు మొలిచే చోట్ల కురవాలని వారు ప్రార్థించారు. హజ్రత్ అనస్ (రజి) ఉల్లేఖించిన ఈ సంఘటన బుఖారీ, ముస్లిం హదీసు గ్రంథాలు రెండింటిలోనూ నమోదై ఉంది. నేల, నీరు, పశువు, చెట్టు జుమా మింబరుకు పరాయి విషయాలు కావని దీనివల్ల మనకు బోధపడుతోంది.

హిజ్రీ 18వ సంవత్సరంలో, అంటే క్రీ.శ. 639లో, హిజాజ్ ప్రాంతాన్ని దారుణమైన కరువు పట్టి పీడించింది. నేల బూడిద రంగుకు తిరిగింది గనుక చరిత్రకారులు దానిని ‘ఆముర్రమాదా’, అంటే బూడిద సంవత్సరం అన్నారు. ఖలీఫా హజ్రత్ ఉమర్ (రజి) షామ్ దేశం నుంచి ధాన్యం తెప్పించి పంచారు. ప్రజలకు నెయ్యి దొరికే దాకా తాను నెయ్యి ముట్టనని నియమం పెట్టుకున్నారు. ఆ ఏడు జకాత్ వసూలును వాయిదా వేశారు. ప్రవక్త (స) పినతండ్రి హజ్రత్ అబ్బాస్ (రజి) చేత వాన కోసం దుఆ చేయించారు. ఫిఖ్హ్ గ్రంథాలు చెప్పే క్రమం కూడా ఇదే. ఇస్తిస్ఖా నమాజుకు మైదానానికి బయలుదేరే ముందు ప్రజలు పాపాల నుంచి మరలాలి, పరస్పర అన్యాయాలను సరిదిద్దుకోవాలి, ఎవరి హక్కు వారికి అప్పగించాలి, దానధర్మాలు చేయాలి. చేతులెత్తడం ఆ తరువాతి పని.

గుంటూరు, ప్రకాశం మైదానాల్లో నివసించే మనం ఇటీవలి కాలంలో వాన కోసం ఎన్నోసార్లు చేతులెత్తాం. వాన అదును తప్పినప్పుడు ఒకసారి, కోతకు వచ్చిన మిర్చి తడిసిపోతున్నప్పుడు మరొకసారి అల్లాహ్‌ను వేడుకున్నాం. అయితే అంతకు ముందు చెల్లించవలసిన హక్కులు చెల్లించామా? ఎవరెవరికి బాకీ పడ్డామో ఈ నేల చరిత్రే మనకు చెబుతుంది.

మన తీరాన మోటుపల్లి ఉంది. నిన్నటిదాకా ప్రకాశం జిల్లాలో ఉండి, 2022 ఏప్రిల్‌లో బాపట్ల జిల్లాలోకి వెళ్ళిన ఆ పల్లె ఒకప్పుడు పెద్ద ఓడరేవు. ఓడ పగిలి ఒడ్డుకు కొట్టుకువచ్చిన సరుకును పాలకుడు వశపరచుకోవడం ఆనాటి ఆచారం. కాకతీయ గణపతిదేవుడు 1244లో అభయశాసనం వేయించి, నిర్ణీతమైన సుంకం తప్ప ఆ సరుకులో మరేదీ తాను తీసుకోనని సముద్ర వర్తకులకు మాట ఇచ్చాడు. చేతికి చిక్కినదల్లా మనది కాదనే న్యాయం ఆ శిల మీద ఉంది. దానినే మనం అమానతు అంటాం. భూమి మనిషికి అప్పగింత మాత్రమేనని, మనిషి దానిపై ప్రతినిధి తప్ప యజమాని కాడని ఖుర్‌ఆన్ బోధిస్తుంది. అల్లాహ్ ఆకాశాన్ని ఎత్తి నిలిపి, తూకాన్ని నెలకొల్పాడని, ఆ తూకంలో హద్దు మీరరాదని అర్‌రహ్మాన్ సూరా హెచ్చరిస్తుంది.

ఈ సీమ నూలుబట్టలకు పేరుపొందింది. చీరాల నేతగాళ్ళు నూనెలో తడిపిన నూలుతో నేసిన తేలియా రుమాళ్ళు అరబ్బు దేశాలకు ఎగుమతి అయ్యేవి. అక్కడివారు వాటిని తలకు చుట్టుకునేవారు. మన నూర్‌బాషా సోదరులు, అంటే దూదేకులవారు, ఊరూరా విల్లుతో దూది ఏకి బతికారు. వారు ఏకిన నాటు పత్తి నల్లరేగడిలో వానపై ఆధారపడి పండేది. దిగుబడి తక్కువే. కాని ఆ పంటకు పురుగుమందు అప్పు లేదు.

1955 డిసెంబరు 10న నాగార్జునసాగర్‌కు శంకుస్థాపన జరిగింది. 1967 ఆగస్టులో కాలువలకు నీరు వదిలారు. కుడికాలువ గుంటూరు, ప్రకాశం పొలాలకు చేరింది. అది నిస్సందేహంగా అల్లాహ్ అనుగ్రహమే. కరువుల జ్ఞాపకం ఉన్న పెద్దలు ఆ నీటిని కళ్ళకద్దుకున్నారు. ఆ వెనుకే సంకర పత్తి వచ్చింది. పొడవు పింజ, మంచి ధర, దానితోపాటు పురుగు. 1980 దశకం ఆరంభంలో సింథటిక్ పైరెథ్రాయిడ్ మందులు వచ్చాయి. మొదట అద్భుతంగా పనిచేశాయి. అయితే అవి పురుగును తినే అక్షింతల పురుగులను, అల్లిక రెక్కల పురుగులను కూడా చంపాయి. ఆ దశకం నడుమ, అంతదాకా చిన్న తెగులుగా ఉన్న తెల్లదోమ ఈ రెండు జిల్లాల పత్తిని ముంచెత్తింది. 1987-88 పంటకాలంలో శనగపచ్చ పురుగు ఆ మందులకు లొంగలేదు. మన చేల నుంచి సేకరించిన పురుగులలో పైరెథ్రాయిడ్లను తట్టుకునే శక్తి పెరిగిందని శాస్త్రవేత్తలు నిర్ధారించారు. రైతులు మోతాదు పెంచారు, మందులు కలిపి కొట్టారు. పురుగు చావలేదు. ఆ ఏళ్ళలోనే ప్రకాశం, గుంటూరు జిల్లాల పత్తి రైతులు ఆత్మహత్యలు చేసుకున్నారు. తెలుగునేల మీద పత్తి రైతు మరణాలు వార్తలకెక్కిన తొలి ఘట్టాలలో అది ఒకటి.

2002లో బీటీ పత్తికి దేశంలో అనుమతి లభించింది. కొన్నేళ్ళు శనగపచ్చ పురుగు అదుపులోకి వచ్చింది. తరువాత గులాబీ రంగు పురుగు బీటీని కూడా తట్టుకుని నిలిచింది. ఎందరో రైతులు మిర్చివైపు మళ్ళారు. 2021లో ఆగ్నేయాసియా నుంచి వచ్చిన నల్ల తామర పురుగు మిర్చి పూతను పీల్చి పిప్పిచేసింది. మళ్ళీ పిచికారీ, మళ్ళీ అప్పు. పేర్లు మారాయి కాని వరస మారలేదు.

సోదరులారా! ఈ వరసలో మనం అన్యాయం చేసిన వారెవరు?

మొదటివాడు రైతు. అతనికి విత్తనం, మందు అరువిచ్చినవాడే ఏ మందు కొట్టాలో చెప్పే సలహాదారు అయ్యాడు. చాలా చోట్ల పంట కొనేవాడూ అతడే. సలహా ఇచ్చేవాని లాభం అమ్మకంలో ఉన్నప్పుడు ఆ సలహా తూకం తప్పుతుంది. పైన వడ్డీ. వడ్డీని అల్లాహ్, ఆయన ప్రవక్త (స)తో యుద్ధంగా ఖుర్‌ఆన్ పరిగణిస్తుంది. ఇబ్బందుల్లో ఉన్న బాకీదారుకు గడువు ఇవ్వమని, వదిలివేస్తే మరింత శ్రేష్ఠమని ఆ వెంటనే చెబుతుంది. కౌలు రైతు మరింత నిస్సహాయుడు. పొలం పేరు అతనిది కాదు గనుక బ్యాంకు రుణం, పంట నష్టపరిహారం అతని దాకా రావడం కష్టం. ఆత్మహత్య మన ధర్మంలో నిషిద్ధమే. చనిపోయినవాని తీర్పు అల్లాహ్ చేతిలో ఉంది. బతికున్నప్పుడు అతని గడప తొక్కని పొరుగువారి లెక్క కూడా ఆయన చేతిలోనే ఉంది.

రెండవవారు కూలీలు, తినేవారు. మందు కొట్టిన చేలో కాయ కోసే తల్లులు, వారి చంకలోని పసివారు ఆ గాలే పీలుస్తారు. 2014లో సౌదీ అరేబియా పురుగుమందుల అవశేషాల కారణంగా భారతదేశపు పచ్చిమిర్చి దిగుమతిని నిషేధించింది. హరమైన్ ఉన్న దేశం తన ప్రజలకు వద్దనుకున్న విషాన్ని మన పిల్లలకు వడ్డించడం ఎలా సబబు? భూమిపై కల్లోలం రేపుతూ పంటను, సంతతిని నాశనం చేసేవాణ్ణి అల్ బఖరా సూరా ఖండిస్తుంది. ‘హర్స్’, ‘నస్ల్’ అనే ఆ రెండు అరబీ పదాలు ఒకే చోట రావడంలోని అర్థం మన చేలగట్ల మీద నిలబడి చూస్తే తేటపడుతుంది.

మూడవవి మాట్లాడలేని ప్రాణులు. పూర్వం ఒక ప్రవక్తను ఒక చీమ కుట్టగా, ఆయన చీమల పుట్టనంతటినీ కాల్పించారని, కుట్టింది ఒక చీమ అయితే తనను స్తుతించే ఒక సమూహాన్నంతా కాల్చావేమని అల్లాహ్ ఆయనను మందలించాడని ప్రామాణిక హదీసు ఉంది. ఒక పురుగు కోసం తేనెటీగను, తూనీగను, వానపామును, పిచ్చుకను కలిపి చంపిన మన పిచికారీకి ఇంతకన్నా సూటియైన హెచ్చరిక ఏం కావాలి? పంటను కాపాడుకోవడం రైతు హక్కు. దానిని ధర్మం కాదనదు. హద్దు లేని సంహారాన్నే కాదంటుంది.

మరి తిరుగుబాట ఉందా? తౌబా అంటేనే తిరిగి రావడం. ఈజిప్టు దేశస్థుడు ఇబ్రాహీం అబూలైష్ ఆస్ట్రియాలో రసాయనశాస్త్రం, ఔషధశాస్త్రం చదివి, 1977లో స్వదేశానికి వచ్చి, కైరోకు ఈశాన్యాన ఎడారిలో 70 హెక్టార్ల బంజరుపై సేకెం అనే వ్యవసాయ సంస్థను స్థాపించాడు. భూమిని బాగుచేయడం ముస్లింగా తన విధి అని ఆయన నమ్మాడు. 1990 దశకంలో ఆ సంస్థ విషం లేకుండా పత్తి పండించి చూపింది. విమానాలతో పత్తిచేలపై మందు చల్లే పద్ధతి నుంచి ఈజిప్టు మరలడానికి ఆ కృషి తోడ్పడింది.

ఇటు మన రాష్ట్రంలో మహిళా పొదుపు సంఘాల ఆధారంగా పురుగుమందులు లేని సాగు 2000 దశకంలో మొదలైంది; 2016 నుంచి రైతు సాధికార సంస్థ ద్వారా ప్రకృతి వ్యవసాయంగా విస్తరించింది. వేప కషాయం, చేను చుట్టూ జొన్న కంచె, ఎర పంటగా ఆముదం, బంతి, లింగాకర్షక బుట్టలు, తొలకరికి ముందే నవధాన్యాల విత్తనం దాని సాధనాలు. 2024లో పోర్చుగల్‌కు చెందిన గుల్బెంకియన్ మానవాళి పురస్కారాన్ని శాస్త్రవేత్త రతన్ లాల్‌తోపాటు సేకెంకు, ఆంధ్రప్రదేశ్ ప్రకృతి వ్యవసాయానికి కలిపి ప్రకటించారు. నైలు పత్తి, కృష్ణ పత్తి ఒకే వరుసలో నిలిచాయి. మార్పు మొదటి ఏడు కష్టమే, దిగుబడి తగ్గుతుందన్న భయమూ న్యాయమైనదే. అందుకే రైతును ఒంటరిగా వదలకూడదు. ఇక్కడే జమాఅత్ బాధ్యత మొదలవుతుంది.

హజ్రత్ ఉమర్ (రజి) పచ్చికబయలును ‘హిమా’గా, అంటే రక్షిత భూమిగా, ప్రకటించి దానిపై హునయ్ అనే వ్యక్తిని నియమించారు. కొద్దిపాటి ఒంటెలు, గొర్రెలు గల పేదలను లోపలికి రానివ్వమని, ఇబ్ను ఔఫ్, ఇబ్ను అఫ్ఫాన్ వంటి సంపన్నుల మందలను దూరంగా ఉంచమని ఆదేశించారు. వారిద్దరూ గొప్ప సహాబాలే; అయినా మందలు పోతే వారికి తోటలు, పొలాలు ఉన్నాయి, పేదకు మరేమీ లేదు. నేలను కాపాడడం, పేదను కాపాడడం ఆయన దృష్టిలో ఒకే పని.

మనకూ అటువంటి భూములున్నాయి. మసీదులకు, దర్గాలకు చెందిన వఖ్ఫ్ పొలాలను ఏటేటా వేలం వేస్తే, కౌలుదారు ఆ ఒక్క ఏటిలోనే నేలను పిండుకోక తప్పదు. వఖ్ఫ్ బోర్డు అనుమతితో మూడేళ్ళ దాకా కౌలు ఇచ్చి, విషం లేని సాగును షరతుగా పెట్టి, తొలి ఏట కౌలు తగ్గించే వీలు ఉన్నంతవరకు కల్పించడం ముతవల్లీల, కమిటీల చేతిలో ఉంది. పండుగ చందాలలో ఒక భాగాన్ని పంట పెట్టుబడికి ఖర్జె హసనాగా, వడ్డీలేని రుణంగా కేటాయించవచ్చు. పంటపై ఉష్ర్ చెల్లించేవారు ఒక సంగతి గమనించాలి: వానతో పండిన దానికి పదోవంతు, శ్రమపడి నీరు పెట్టిన దానికి ఇరవయ్యోవంతు. రైతు పడే ప్రయాసను షరీఅత్ లెక్కలోకి తీసుకుంది, మనమూ తీసుకోవాలి. ప్రవక్త (స) ఒక ముద్ద్, అంటే లీటరు కన్నా తక్కువ నీటితో వుజూ చేసేవారు. మన వుజూఖానాల కుళాయిలు ఎంత పారుతున్నాయో నేడే చూద్దాం. ఆ నీరు మసీదు ఆవరణలోని చెట్టు పాదుకు చేరే దారి చేద్దాం.

ప్రళయం వచ్చే ఘడియలో సైతం చేతిలో ఖర్జూరపు మొక్క ఉంటే దానిని నాటమని మన ప్రవక్త (స) బోధించారు. ఆ మొక్క ఫలం నాటినవాడు తినడు. అయినా నాటడం అతని బాధ్యత, ఫలితం అల్లాహ్ సొంతం.

ఓ అల్లాహ్! మాకు ప్రయోజనకరమైన వర్షాన్ని ప్రసాదించు. మేము రైతుకు, కూలీకి, పురుగుకు, నేలకు బాకీపడిన హక్కులను ఈ లోకంలోనే చెల్లించే శక్తినివ్వు. అప్పుల బాధలో ఉన్నవారి గడపకు మమ్మల్ని చేర్చు. నీవు అప్పగించిన నల్లరేగడిని మా సంతానానికి సారంతో అప్పగించే భాగ్యాన్నివ్వు. ఆమీన్.