భూసేకరణ పరిహార వివాదాలు – విచారణలో న్యాయం

ప్రభుత్వం సేకరించిన భూమికి కలెక్టరు ప్రకటించే పరిహారం (అవార్డు) తుది తీర్పు కాదు, ప్రభుత్వం ఇవ్వజూపిన ధర మాత్రమే. సుప్రీంకోర్టు చిమన్‌లాల్ హరగోవిందదాస్ కేసులో (1988) ఈ సూత్రాన్ని స్పష్టం చేసింది. అందుకే పరిహారం చాలదనుకున్న రైతుకు స్వతంత్ర విచారణ కోరే హక్కు ఉంది. 1894 చట్టంలో ఇది 18వ సెక్షన్. దాని స్థానంలో 2014 జనవరి 1న అమల్లోకి వచ్చిన 2013 చట్టంలో 64వ సెక్షన్.

హక్కు ఉన్నా, గడువు కఠినం. అవార్డు ప్రకటించినప్పుడు హాజరైనవారు 6 వారాల్లో దరఖాస్తు చేయాలి. మిగిలినవారికి నోటీసు అందాక 6 వారాలు, లేదా అవార్డు తేదీ నుంచి 6 నెలలు. ఏది ముందు ముగిస్తే అది. ఊళ్లో లేని యజమానికి అవార్డు సంగతే తెలియకపోతే? రాజా హరీశ్చంద్ర రాజ్‌సింగ్ కేసులో (1961) సుప్రీంకోర్టు, అవార్డు తేదీ అంటే అది సంబంధిత వ్యక్తికి తెలిసిన, లేదా తెలిసిందని భావించదగిన తేదీ అని చెప్పింది. ఈ రంగంలో సామాన్యుడికి దక్కిన గొప్ప రక్షణ ఇదే. తగిన కారణం చూపితే మరో ఏడాది వరకు ఆలస్యాన్ని మన్నించే అధికారాన్ని కొత్త చట్టం కలెక్టరుకు ఇచ్చింది.

దరఖాస్తు అందిన 30 రోజుల్లో కలెక్టరు దాన్ని, విచారణ జరిపే భూసేకరణ అథారిటీకి పంపాలి. పంపకుంటే, పంపేలా కలెక్టరును ఆదేశించాలని రైతే అథారిటీని కోరవచ్చు. అన్యాయం ఎక్కువగా జరిగేది డబ్బు తీసుకునే చోట: అభ్యంతరం తెలుపుతూ తీసుకోకపోతే, ఎక్కువ పరిహారం కోరుతూ దరఖాస్తు చేసే హక్కు పోతుంది. కనుక చెక్కు అందుకునే ముందే అభ్యంతరాన్ని రాతపూర్వకంగా ఇచ్చి, రసీదు తీసుకోవాలి.