కాలయంత్రం మూసారాంబాగ్‌లో ఆగితే: తెలుగు కథల్లో సమాంతర లోకాల జాడ

కాలాన్ని దాటించే సాధనాలు తెలుగు కథకు కొత్తవి కావు. మణి, అద్దం, ఉంగరం, టెలిఫోను, చివరికి అచ్చమైన యంత్రం, ఇలా ఎన్నో రూపాల్లో అవి మనకు తెలుసు. వాటి శక్తి గురించి ముచ్చటించుకున్నంతగా అవి మనల్ని ఎక్కడికి తీసుకెళ్తున్నాయో, అక్కడ ఏం చేయనిస్తున్నాయో మనం పట్టించుకోలేదు. మన కాలయంత్రాలు ఎక్కువగా చూసి రావడానికే పుట్టాయి. జరిగిన చరిత్ర పక్కనే జరగని చరిత్రను నిలబెట్టే పని మన కథల్లో అరుదు. ఆ పనికి తగిన చోటు హైదరాబాద్ తూర్పున, మూసారాంబాగ్‌లో ఉందని ఈ వ్యాసం ప్రతిపాదన.

ముందు పాత కథలు. మధిర సుబ్బన్న దీక్షితుల 'కాశీమజిలీ కథలు'లో మణిసిద్ధుడు కాశీకి నడిచి వెళ్తుంటాడు. వెంట ఉన్న గొల్లపిల్లవాడు ప్రతి మజిలీలోనూ ఒక వింత చూసి వస్తాడు, దాని కథ చెప్పమంటాడు. సిద్ధుడు తన మణిని చూస్తాడు, వెనకటి వృత్తాంతమంతా కళ్లకు కడుతుంది. ఇద్దరూ కూర్చున్న చోటు నుంచి కదలరు. గతంలో ఒక్క పూచిక పుల్ల కూడా పక్కకు జరగదు. భాగవతం నవమ స్కంధంలోని కకుద్మి నిజంగానే ప్రయాణం చేస్తాడు. కూతురు రేవతికి వరుణ్ణి అడగడానికి బ్రహ్మలోకానికి వెళ్లి, అక్కడ పాట ముగిసేదాకా ఆగుతాడు. ఈలోగా భూమ్మీద ఇరవై ఏడు చతుర్యుగాలు గడిచిపోతాయి. తిరిగొచ్చి రేవతిని బలరాముడికిచ్చి పెళ్లి చేస్తాడు గానీ, పోయిన కాలాన్ని మాత్రం వెనక్కి తెచ్చుకోలేడు.

సమాంతర లోకాలను సూటిగా పట్టుకున్నది యోగవాసిష్ఠంలోని లీలోపాఖ్యానం. ఒక బ్రాహ్మణుడు చనిపోయి ఎనిమిది రోజులే అవుతుంది. అతని చిన్న ఇంట్లోని ఆకాశంలోనే పద్మరాజు ఏళ్ల తరబడి ఏలిన రాజ్యమంతా ఇమిడి ఉంటుంది. లీల సరస్వతి తోడుగా ఒక లోకంలోంచి మరొక లోకంలోకి నడుస్తుంది. క్వాంటం కొలతలో సాధ్యమైన ఫలితాలన్నీ వేర్వేరు శాఖల్లో నిజమవుతాయని హ్యూ ఎవరెట్ 1957లో ప్రతిపాదించాడు. ఈ రెండూ ఒకటేనని నేను అనను. ఒకటి మోక్షశాస్త్రం, మరొకటి భౌతికశాస్త్రం. కానీ ఒక లోకం పక్కన మరొక లోకాన్ని ఊహించడానికి మన దగ్గర పునాది లేదన్న మాట మాత్రం నిలవదు.

ఇక సినిమా. సింగీతం శ్రీనివాసరావు తీసిన 'ఆదిత్య 369' 1991 జులై 18న విడుదలైంది. ఎచ్.జి. వెల్స్ 1895లో రాసిన నవల దీనికి ప్రేరణ. ప్రొఫెసర్ రాందాస్ తయారుచేసిన యంత్రం కథానాయకుణ్ణి 1526లోని విజయనగరానికి, అక్కడి నుంచి 2504కు తీసుకెళ్తుంది. బాలకృష్ణే కృష్ణకుమార్‌గా, శ్రీకృష్ణదేవరాయలుగా కనిపిస్తాడు. ఈ పాత్రల ఎంపికలోనే సినిమా తత్త్వముంది: ఈనాటి తెలుగువాడు వెళ్లి తన వైభవాన్ని తానే దర్శించుకుంటాడు. 1565 నాటి తళ్లికోట యుద్ధాన్ని ఆపడం ఈ కథ లక్ష్యం కాదు. దర్శనమే దాని బలం. ఆ బలం ముందు నాకు నిజమైన గౌరవం ఉంది. తర్వాతి సినిమాలు తలా ఒక దారి పట్టాయి. 2021 నాటి 'ప్లేబ్యాక్' ల్యాండ్‌లైన్ ఫోనుతో రెండు కాలాలను కలిపింది. 2022లో 'బింబిసార' మాయాదర్పణాన్ని, 'ఒకే ఒక జీవితం' మళ్లీ యంత్రాన్ని వాడుకున్నాయి. ఈ చివరిదానిలో కొడుకు తల్లిని కాపాడుకోవాలని గతంలోకి వెళ్తాడు, కానీ ఆమె మరణం ఆగదు. గతాన్ని మార్చాలని బయలుదేరిన కథ కూడా చివరికి గతానికే తలవంచింది.

ఇప్పుడు మూసారాంబాగ్ సంగతి. మలక్‌పేట దాటాక అస్మాన్‌గఢ్ గుట్ట మీద ఎత్తైన అరుగు, దాని మీద నల్లరాతి స్తంభం ఉంటాయి. స్తంభం మీద రెండు ఇంగ్లీషు అక్షరాలు చెక్కి ఉంటాయి: జె, ఆర్. పక్కన స్తంభాల మండపం ఉంటుంది. పాతది 2001లో కూలిపోతే మళ్లీ కట్టారు. ఇది రెండో అసఫ్‌జా నిజాం అలీఖాన్ సేనాని, ఫ్రెంచివాడు మిషెల్ రేమండ్ సమాధి. జనం అతన్ని మూసా రహీం అనీ, మూసా రాం అనీ పిలుచుకున్నారు. ఈ పేటకు పేరు అతని వల్లే వచ్చిందని చెబుతారు. గన్‌ఫౌండ్రీ అతని హయాంలోదే. 1795లో ఖర్దా దగ్గర మరాఠాలతో జరిగిన యుద్ధంలో అతని పటాలాలు నిజాం పక్షాన పోరాడాయి.

రేమండ్ 1798 మార్చి 25న చనిపోయాడు. విషం పెట్టారన్న అనుమానం అప్పట్లోనే పుట్టింది. ఆ తర్వాత ఏం జరిగిందో తేదీలవారీగా చూడాలి. మే నెలలో వెల్లెస్లీ గవర్నర్ జనరల్‌గా కలకత్తాలో దిగాడు. సెప్టెంబరు 1న నిజాం ఈస్టిండియా కంపెనీతో సైన్య సహకార ఒప్పందం చేసుకున్నాడు. అక్టోబరు 22న సుమారు 14,000 మంది ఉన్న ఫ్రెంచి దళాన్ని నెత్తురు చిందకుండా నిరాయుధం చేశారు. రేమండ్ స్థానంలో వచ్చిన పిరాన్‌కు అతనికున్న పట్టు లేదు. మరుసటేడు మే 4న శ్రీరంగపట్నం పడిపోయింది. ఆ ముట్టడిలో నిజాం సేన కంపెనీ వైపే ఉంది.

రేమండ్ ఇంకో ఏడాది బతికి ఉంటే? ఒక్క మనిషితో చరిత్రంతా మారిపోతుందని చెప్పడం తొందరపాటే. కంపెనీ బలం అతనొక్కడి మీద ఆధారపడి లేదు. కానీ ఒప్పందం జరగని కొమ్మను ఊహించగానే, తెలుగువారికి సంబంధించినవెన్నో కదులుతాయి. ఒప్పందం ప్రకారం వచ్చిన కంపెనీ సైన్యం కోసం వెలసిన సికింద్రాబాద్ ఆ కొమ్మలో లేదు. ఆ సైన్యం ఖర్చు కింద నిజాం 1800లో కంపెనీకి రాసిచ్చిన దత్తమండలాలు లేవు. అంటే ఆ మండలాలకు మన్రో కలెక్టరు కాడు, తర్వాత కడపకు సి.పి. బ్రౌన్ ఉద్యోగానికి రాడు. బ్రౌన్ 1829లో అచ్చు వేయించిన వేమన పద్యాలు మన చేతికి ఏ దారిన, ఎప్పుడు వచ్చేవో చెప్పలేం. రాయలసీమ అన్న పేరే పుట్టకపోవచ్చు.

హంపీకి వెళ్లిన యంత్రం మనకు వైభవాన్ని చూపింది. మూసారాంబాగ్‌కు వచ్చే యంత్రం ఆధారపడవలసింది ఒక మరణం మీద, ఒక ఒప్పందం మీద, ఆ ఫ్రెంచి దళంలో జీతం బకాయిల కోసం తిరగబడిన సిపాయిల మీద. దానికి రాజసభ సెట్టింగు అక్కర్లేదు, తేదీల మీద పట్టు కావాలి. లీలోపాఖ్యానం చదివిన పాఠకులు మనకున్నారు, 'ఆదిత్య 369' చూసి పెరిగిన రచయితలున్నారు. వాళ్లు 1798 మార్చి నుంచి అక్టోబరు దాకా ఉన్న ఆ ఏడు నెలలను నవలగా రాయాలి. రాసేముందు మెట్రోలో మూసారాంబాగ్ స్టేషన్‌లో దిగి, ఆ గుట్ట ఎక్కి రావాలి.